ఆఫీసరు కూర్చున్న దిక్కు

జనగామలో ఒక సర్కారు కార్యాలయం పడమటి దిక్కును రద్దు చేసిన సంగతి చరిత్రకారులెవరూ రాయలేదు. అది 1974లో జరిగింది. ఏ శాఖ అని మాత్రం అడగవద్దు. అందులో పనిచేసినవాళ్ళకే ఆ విషయం స్పష్టంగా తెలియదు.

భవనం చక్కనిదే. మధ్యలో పొడుగాటి హాలు, తూర్పు కొసన ఒక గది, పడమటి కొసన ఒక గది. హాలునిండా గుమాస్తాలు, మంచినీళ్ళ కుండ పక్కన చప్రాసీ నబీసాబ్. అరవై తొమ్మిది తెలంగాణ ఉద్యమంలో తలుపులు మూసిన రోజులు తప్ప, పంతొమ్మిదేళ్ళుగా ఆయన మధ్యాహ్నం ఒంటి గంట పదికి ఆ కుండ పక్కనే చాప పరిచి, పడమరకు తిరిగి నమాజు చేసేవాడు. మక్కా అటే ఉంది కనుక. ఇన్నేళ్ళలో దాంతో ఎవరికీ పని పడలేదు.

ఆ ఏడు నిరంజన్ రావు గారు ఆఫీసరుగా వచ్చి పడమటి గదిలో కూర్చున్నారు. మొదటి రోజే భోజనం ముగించి తలెత్తితే, తెరిచిన తలుపులోంచి నెరిసిన గడ్డం మనిషి ఒకడు తన వైపే తిరిగి నడుము వంచి, మోకరిల్లి, నేలకు నుదురు ఆనించడం కనిపించింది. ఆయన కళ్ళు చెమర్చాయి. ఇంత సర్వీసులో తనకు ఎవరూ సగం కూడా వంగలేదు.

సాయంత్రమే సిబ్బందిని సమావేశపరిచారు.

"క్రమశిక్షణ పుస్తకాల్లో ఉండదు. అది నబీసాబ్ నడుములో ఉంది. చదువుకున్న మీరంతా ఆ నడుమును చూసి నేర్చుకోవాలి!" అని ప్రసంగించి, ఆయనను చప్రాసీలపై జమాదారుగా పదోన్నతికి సిఫారసు చేశారు.

నబీసాబ్ ఆ రాత్రి అన్నం ముట్టలేదు. జమాదారు కావాలని, భుజం మీదుగా జమాదార్లు వేసే ఎర్ర పట్టీ వేసుకోవాలని పదేళ్ళుగా ఆశ. భార్య రబియా బీ సంగతంతా విన్నది.

"మనిషికి మొక్కినవని లోకమంత అనుకుంటే ఊకుంటవా? గునా అది, పాపం. రేపు పోయి సాఫ్ సాఫ్ చెప్పు."

"చెప్తే జమాదారు పోతది."

"పోనీ. గా పట్టీ ఏసుకొని గోరీలకు పోతవా?"

మర్నాడు ఆయన ఆఫీసరు గారి ముందు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "సార్, మాఫ్ చెయ్యాలె. నేను మీకు మొక్కలే, కాబా దిక్కు తిరిగి అల్లాకు మొక్కిన. మీ రూము నడుమల వచ్చింది."

"నీ వినయం నాకు తెలుసయ్యా," అన్నారు ఆఫీసరు గారు. "మీ దేవుడు కూడా నా వైపే ఉన్నాడన్నమాట. సంతోషం."

హెడ్ గుమాస్తా చంద్రమౌళి దూరదృష్టి గలవాడు. ఆ వారంలోనే తన బల్లను పడమటికి తిప్పుకున్నాడు. తక్కిన పది బల్లలూ తిరిగాయి. ఒంటి గంట పదికి గుమాస్తాలందరూ లేచి పడమటి గదికి దండం పెట్టడం ఆనవాయితీ అయింది. రఘునాథపల్లి నుంచి దరఖాస్తులతో వచ్చిన రైతులు హారతి వేళ కాబోలనుకుని గడప బయట చెప్పులు విడిచారు.

ఆషాఢంలో పడమటి గది కురిసింది. ఆఫీసరు గారు తూర్పు గదికి మారారు. ఒక్క పూటలో పదకొండు బల్లలు తూర్పుకు తిరిగాయి. నబీసాబ్ చాప తిరగలేదు. ఇప్పుడు ఆఫీసరు గారు తలెత్తితే కనిపించే దృశ్యం వేరు. దాన్ని మెమోలో ఇలా వర్ణించారు: "తమరు ప్రతిదినము ఒంటి గంట పది నిమిషములకు పై అధికారికి పృష్ఠభాగమును ప్రదర్శించుచున్నట్లు మా దృష్టికి వచ్చినది. మూడు దినములలో సంజాయిషీ ఇచ్చుకొనవలెను."

నబీసాబ్ ఇచ్చుకున్న సంజాయిషీ ఒక్క ముక్క: "మక్కా ఎటూ జరగలేదు హుజూర్, రూమే జరిగింది."

విచారణ చంద్రమౌళికి అప్పగించారు. ఆయన బడి నుంచి దిక్సూచి, అట్లాసు తెప్పించి, రెండు వారాలు శ్రమించి నివేదికతో వచ్చాడు.

"మక్కా పడమరనే ఉన్నది సార్, జరంత ఉత్తరంకు. ఇంకో సంగతి బయటపడ్డది. యూదులని ఉంటరట. వాళ్ళు జెరూసలేం దిక్కు తిరిగి ప్రార్థన చేస్తరట. మనకాడికెల్లి చూస్తే అది గూడ పడమటి దిక్కే."

ఆఫీసరు గారు నిటారుగా కూర్చున్నారు. "అంటే వాళ్ళూ నాకు వీపే పెడతారా?"

"పెట్టక తప్పదు సార్."

"మన ఆఫీసులో ఎంతమంది ఉన్నారు?"

"ప్రస్తుతానికి ఎవ్వరు లేరు సార్."

"ఒక మెమో టైపు చేయించి ఉంచండి. వస్తే ఆలస్యం కాకూడదు."

అయినా ఆఫీసరు గారు కఠినులు కారు. "కార్యాలయ వేళలలో తూర్పుకు తిరిగి ప్రార్థన చేయుదును" అని ఒక కాగితం తయారుచేయించారు. సంతకం పెడితే జమాదారు పదవి ఖాయం.

"నబీభాయ్, నిజంగ తిరగకు. ఉత్తగ దస్తఖత్ పెట్టు," చంద్రమౌళి బతిమాలాడు. "మేమందరం గట్లనే బతుకుతున్నం."

నబీసాబ్ కలం అందుకున్నాడు. కాగితం వంక చాలాసేపు చూశాడు. కలానికి మూత పెట్టి తిరిగి ఇచ్చేశాడు.

"దస్తఖత్ పెడితె, నా నడుము తిరగకున్నా నేను తిరిగినట్టే సార్."

వారంలో ఆయనకు భూపాలపల్లి బదిలీ అయింది. ఆ వెంటనే, ఇకమీదట ఈ కార్యాలయంలో పడమటి దిక్కు అమలులో ఉండదని సర్క్యులరు వెలువడింది.

ఎనిమిది నెలలకు నిరంజన్ రావు గారు కూడా బదిలీ అయ్యారు. ఆ రోజుల్లోనే నబీసాబ్ తన సర్వీసు పుస్తకం కోసం జనగామ వచ్చాడు. ఆయన వచ్చిన రోజే కొత్త ఆఫీసరూ రావాలి. ఏ గదిలో కూర్చుంటారో ఎవరికీ తెలియదు. గుమాస్తాలు పొద్దుటి నుంచి బల్లలు ఎత్తి పట్టుకుని హాలులో నిలబడి ఉన్నారు. వాళ్ళ వెనుక లింగాల ఘనపూర్ రైతులు దరఖాస్తులు పట్టుకుని నిలబడ్డారు.

ఒంటి గంట పది అయింది. నబీసాబ్ ఎవరినీ ఏమీ అడగకుండా కుండ పక్కన చాప పరుచుకున్నాడు. నమాజు ముగించి లేచి వెనక్కి తిరిగితే, పదకొండు బల్లలూ పడమటికి తిరిగి నేల మీద కుదురుకుని ఉన్నాయి. వాటి వెనుక హాలంతా చేతులు జోడించి నిలబడింది.

చంద్రమౌళి దగ్గరికొచ్చి గుసగుసగా అడిగాడు. "నబీభాయ్, కొత్త సారు పడమటి రూములనే కూసుంటడా? నీకెవలు చెప్పిన్రు?"

"మీ సారు ఎవరో గూడ నాకు తెల్వదు సార్."

"తెల్వదంటున్నడు," అని చంద్రమౌళి వెనకవాళ్ళకు చెప్పాడు. "అంటే పక్కా ఖబరే!"

వరుస గడప దాటి, వరండా దాటి, రోడ్డు దాకా పోయింది. అందులో మన చుట్టాలు కూడా ఉన్నారు. ఎవరికి మొక్కుతున్నారని అడిగితే, ముందున్నవాళ్ళను అడగమన్నారు.