టీవీలో నల్లబట్ట

ఆ పొద్దున దుఫీ పెండలం ఉడికించుకుని, టీవీ ముందు కూర్చుని తినాలనుకుంది. కొడుకు ఒబెంగ్ పార్లమెంటు సభ్యుడు. ఇంటి గడప తొక్కి ఏళ్లయింది గాని, టీవీలోకి మాత్రం రోజూ వస్తాడు. రాజధాని అక్రాలో అతను "గుడ్ మార్నింగ్" అంటే, సొంతూరు ఎజురాలో ఈవిడ "తిన్నావా నాయనా?" అంటుంది. సభలో మాట్లాడే ఇంగ్లీషులో ఆవిడకు తెలిసింది ఆ ఒక్క ముక్కే. మిగతా వేళంతా కొడుకు ముఖం చూస్తుంది.

ఆ రోజు ఒబెంగ్ కోటు వేసుకోలేదు. భుజాన నల్లబట్ట, తలకు ఎర్రగుడ్డ. అయినవాళ్లు పోతేనే అలా కడతారు.

దుఫీ పెండలం గిన్నె పక్కన పెట్టేసింది. కొడుక్కి ఫోను చేస్తే అతని సహాయకుడు ఎత్తాడు.

"సార్ సభలో ఉన్నారమ్మా. కంగారేం లేదు. కాస్త మంచినీళ్లు తాగి కూర్చోండి."

ముసలివాళ్లకు చావు కబురు ఎవరూ తిన్నగా చెప్పరు. ముందు కూర్చోబెట్టి మంచినీళ్లిస్తారు.

ఎవరు పోయారంటూ ఆవిడ వేసిన కేక విని పక్కింటి పోమా పరుగున వచ్చింది. "ఎవరూ పోలేదత్తా."

"నీకూ చెప్పొద్దన్నారన్నమాట."

"ఒట్టు, నాకేం తెలీదు."

"ఒట్టు కూడా వేయించారా?"

దుఫీ పెట్టెలోంచి తన నల్లబట్ట తీసి కట్టుకుంది. అది చూసి వీధి వీధంతా వచ్చింది. పోయిందెవరని అడిగినవాళ్లకు "నాకు చెప్పడం లేదు" అంటూ కళ్లొత్తుకుంది. షామియానాల బదు అసలు అడగనే లేదు. ఎంపీగారింట్లో చావంటే మాటలా అని, పందిరి వేసి కుర్చీలు దింపేశాడు.

దారినపోయే వాడెవడో అక్రాలో ఒబెంగ్‌కు ఫోను చేశాడు. "సార్, మీ అమ్మగారి ముంగిట్లో పందిరి వేశారు."

పొద్దువాలేసరికి ఒబెంగ్ ఆ నల్లబట్టతోనే గేటు దగ్గర కారు దిగి బావురుమన్నాడు. పందిట్లో ముందు కుర్చీలో తల్లిని చూసి దగ్గరికి పరుగెత్తాడు.

"అమ్మా, నువ్వున్నావా?"

"నేనుంటే మరి పోయిందెవర్రా? ఇప్పుడైనా చెప్పు."

"ఎవరూ పోలేదే. కరెంటు ధర పెంచొద్దని సభలో మా పార్టీ వాళ్లందరం ఇలా కట్టుకున్నాం, నిరసనగా."

దుఫీ అతని చెంపలు తడిమింది. "టీవీలో లావుగా కనిపిస్తావు. రా, తిను."

పొద్దుటి పెండలం చల్లారిపోయి ఉంది. అతను రెండో ముక్క తీసుకుంటుండగా ఫోను మోగింది. ఓటింగు అయిపోయిందట. ఒక్క ఓటు తేడాతో కరెంటు ధర పెరిగిందట. చేయి కడుక్కోకుండానే ఒబెంగ్ కారెక్కాడు. దుమ్ము అణిగేదాకా దుఫీ గేటు దగ్గరే నిలబడింది. వెనక పందిట్లో కుర్చీలన్నీ ఖాళీ అయ్యాయి.

బదు తాళ్లు విప్పబోతూ అడిగాడు. "తీసెయ్యనా అత్తా?"

"ఉండనీ నాయనా. వాడు మళ్లీ నల్లబట్ట కట్టకపోడు. పార్లమెంటు ఇంకా నడుస్తోందిగా."