తెలుగు రాదన్న అఫిడవిట్

గురువారం పొద్దున కాఫీ చల్లారకముందే పద్మనాభ రాజా ఇంట్లో చట్టం ప్రకటించాడు. ఒంగోలు నుంచి వచ్చే ఆఫీసరు చూసి వెళ్ళేదాకా ఎవరూ తెలుగు మాట్లాడకూడదు. అంతా తమిళమే.

ఆయన తమిళనాడులోని రాజపాళయంలో నూలు నాణ్యత చూసే ఒక కేంద్ర ప్రభుత్వ కార్యాలయంలో గుమాస్తా. ఇంట్లో తెలుగే కదా, ఇబ్బందేముందని పైవాళ్ళు ఆయన్ని ఒంగోలుకు బదిలీ చేశారు. పక్కనున్న మంసాపురం దాటితేనే తలనొప్పి వచ్చే మనిషి, పాపం. వేరే రాష్ట్రాలకు బదిలీ అయిన మరో పదకొండు మందితో కలిసి కోర్టుకెక్కాడు. అంతటితో ఊరుకున్నాడా? తనకు తెలుగే రాదని అఫిడవిట్ కూడా ఇచ్చాడు. చదవడం, రాయడం రాదన్నది నిజమే, ఆయన చదువంతా తమిళంలోనే సాగింది. మాట్లాడడం సంగతి వేరు. అదేమిటో విచారించి చెప్పమని కోర్టు ఆ శాఖను ఆదేశించింది.

"అంగడిలో నేను తమిళమే కదరా మాట్లాడేది," అంది తల్లి రంగనాయకి.

"అంగడిలో సరేమ్మా. కోపం వస్తే నీకు తెలుగే వచ్చేది. ఈ ఒక్క దినం కోపపడొద్దు."

"నేనెప్పుడురా కోపపడినాను?" అని ఆవిడ కోపంగా అడిగింది, తెలుగులోనే.

భార్య యామినికి చెప్పాడు, పాలవాడికి చెప్పాడు, పక్కింటివాళ్ళకు చెప్పాడు. కుక్కకు చెప్పడం మరిచిపోయాడు.

పదింటికి షేర్ ఆటో దిగిన ఆఫీసరు గేటు తీశాడో లేదో, నడుమెత్తు తెల్లకుక్క మల్లి దూకి ఆయన ప్యాంటు అంచు పట్టుకుంది. "మల్లీ, ఇంగే వా," అని పద్మనాభ తమిళంలో పిలిచాడు. అది వినలేదు. "ఉక్కారు, కణ్ణూ," అని కూర్చోమని బతిమాలాడు. పుట్టిన నాటినుంచి తెలుగు తప్ప మరో ముక్క వినని జీవం, యజమానికి మతి పోయిందనుకుని ఇంకా గట్టిగా పట్టుకుంది. ప్యాంటు చిరుగుతున్న చప్పుడు వినబడింది.

"అడియే మల్లీ, సారును విట్టుబెట్టి తిణ్ణమీందికి పొయ్యి కూసోవే," అనేశాడు పద్మనాభ ఒక్క గుక్కలో.

మల్లి వెళ్ళి అరుగు మీద కూర్చుంది. పద్మనాభ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు.

ఆఫీసరు ప్యాంటు దులుపుకుని, "తెలుగులాగే ఉందండీ, కానీ ఇది తెలుగు కాదులెండి," అంటూ కాగితం తీసి 'తెలుగు రాదు' అని రాశాడు.

పద్మనాభకు పోయిన ప్రాణం లేచి వచ్చింది. "ఆమా సార్, ఇది తెలుగే లేదు," అన్నాడు తలూపుతూ.

మజ్జిగ గ్లాసుతో గడపలో నిలబడ్డ రంగనాయకి అంతా విన్నది.

"ఏమి చెప్తావు నాయనా? మేము మాట్లాడేది తెలుగు లేదా? మా ముత్తాతల ముత్తాతలు తెలుగు సీమ నుంచి వచ్చేటప్పుడు కత్తి తెచ్చినారు, కుక్కను తెచ్చినారు, ఈ మాటను తెచ్చినారు. కత్తి తుప్పు పట్టిపోయినాది. కుక్కా మాటా ఉండాయి. మా కుక్కకు అర్థమయ్యేది నీకు అర్థం కాలేదా?"

"అత్తా, తమిళం, తమిళం," అని యామిని కొంగు లాగింది. ఆవిడ వినలేదు. ఆఫీసరుకు మజ్జిగ ఇచ్చి, భోజనం పెట్టి, మధ్యాహ్నం దాకా తెలుగులోనే మాట్లాడింది. ఆయన రాసిన ముక్క కొట్టేశాడు. పద్మనాభకు తల్లి మీద ఒళ్ళు మండింది. ఆవిడ మాటలకు గుండె ఉప్పొంగింది కూడా, అది ఇంకా పెద్ద చికాకు.

'ఇంటిల్లిపాదికీ తెలుగు వచ్చు, కుక్కతో సహా,' అని నివేదిక వెళ్ళింది.

మరుసటి వారం కోర్టు పన్నెండు పిటిషన్లనూ ఒకేసారి కొట్టేసింది. బదిలీ ఉద్యోగంలో భాగమే, భాష వచ్చినా రాకపోయినా వెళ్ళవలసిందే అంది. నివేదికను తెరిచే చూడలేదట.

"చూసినావా, నా తప్పేమీ లేదు," అంది రంగనాయకి, కొడుకు పెట్టె సర్దుతూ. తోడుగా ఉంటుందని మల్లిని కూడా పంపించింది.

ఒంగోలులో మొదటి రోజు పద్మనాభ అంగట్లో తన తెలుగులో పెరుగు అడిగితే, అంగడాయన తమిళం తెలిసిన మనిషి కోసం కబురు పంపాడు. ఆ ఊళ్ళో ఆయన తెలుగు చెప్పగానే అర్థమయ్యేది మల్లికి ఒక్కదానికే.