పోలీస్ యాక్షన్‌కు ముందస్తు సెలవు

అయినా భయపడటం వేరు, గైర్హాజరు కావడం వేరు. భయపడేవాడు క్లాసుకు వచ్చి కూడా భయపడవచ్చు. నిబంధనల్లో అందుకు అడ్డేమీ లేదు. సికింద్రాబాద్ కోర్టు బెంచీ మీద కూర్చుని వైస్ ప్రిన్సిపాల్ ఆర్థర్‌గారు ఈ సంగతిని మనసులో ఎన్నోసారో నిరూపించుకుంటున్నారు. ఎదురు వాదించేవారు లేరు కనుక ప్రతిసారీ ఆయనే గెలుస్తున్నారు.

కిందటి సెప్టెంబరులో, ఇండియా సైన్యం వస్తోందని ఒకరు, రజాకార్లు వస్తున్నారని ఒకరు చెప్పగా ఊరంతా తలుపులు మూసుకుంది. కాలేజీ మూసుకోలేదు. మూయమని ఉత్తర్వు రాలేదు. ఉత్తర్వు ఇవ్వవలసిన నిజాం సర్కారు ఉన్నదో పోయిందో ఎవరికీ తెలియలేదు. సర్కారు మారాక రిజిస్టరు చూస్తే ఆ రోజుల్లో విద్యార్థులందరూ గైర్హాజరు. సెలవు అర్జీ ముందురోజు సాయంత్రంలోగా ఇవ్వాలన్నది నియమం. "సైన్యం చెప్పకుండా బయలుదేరవచ్చు. విద్యార్థి చెప్పకుండా మానరాదు" అని హాజరు కమిటీ అధ్యక్షుడిగా ఆర్థర్‌గారు ఉపన్యసించారు. సభ్యులు బల్లలు చరిచారు.

కుర్రాళ్లు తెలివైనవాళ్లు. డాక్టర్ల చేత చీటీలు రాయించుకుని వచ్చారు. అంతమంది యువకులకు ఒకే వారం టైఫాయిడ్ వచ్చి, సైన్యం ఊళ్లోకి రాగానే అందరికీ తగ్గిపోవడం వైద్యశాస్త్రానికే గర్వకారణం. కమిటీ ఆ సెలవులన్నీ ఆనందంగా మంజూరు చేసింది. మంజూరైన సెలవు హాజరుతో సమానం.

సీతాఫల్‌మండి ప్రేమమణి ఒక్కతే "భయపడి చర్చిలో దాక్కున్నాను" అని రాసింది. నిజం చెప్పినవారికి ఏ సెలవు ఇవ్వాలో నిబంధనల్లో లేదు. అందుకని ఏదీ ఇవ్వలేదు; హాజరు చాలక పరీక్షకు కూర్చోరాదన్నారు. ఇంటర్ పాసైతే ఆ పిల్లకు మిషన్ బడిలో టీచరు ఉద్యోగం ఇస్తామన్నారు. లేకపోతే తల్లి రోసమ్మ పక్కన, మోండా మార్కెట్లో, కూరగాయల గంప.

పిల్ల కాలేజీ మీద దావా వేసింది. వకీలును పెట్టుకునే స్తోమత లేక తానే నిలబడింది. వాయిదాకు వెళ్లిన ప్రతిరోజూ కాలేజీలో గైర్హాజరు పడింది. ఇంకొక్క రోజు పడితే దావా గెలిచినా పరీక్షకు పనికిరాదు. అందుకే ఇవాళ్టి వాయిదాకు వారం ముందే సెలవు అర్జీ ఇచ్చింది. ఆ అర్జీ ఆర్థర్‌గారి కోటు జేబులో పరిశీలనలో ఉంది.

ఆయన మనసు ఇక్కడ ఆగితే బాగుండేది. ఆగకుండా చర్చిలోకి నడిచింది. ఆ రోజుల్లో ఆయనా అక్కడే ఉన్నారు, బెంచీ కింద. బయట ఎక్కడో ఫట్‌మంది. చేతుల వణుకు ఆగలేదు. ప్రార్థన నోటికి రాక, ఆయన చీకట్లో క్లాసు పేర్లు పిలవడం మొదలుపెట్టారు. ఒక్క పేరు పలికింది. "హాజర్ సార్." మళ్లీ పిలిచారు. మళ్లీ పలికింది. వణుకు తగ్గేదాకా ఆ గొంతు పలుకుతూనే ఉంది. తన ఇంట్లో కూడా ఆయనకు అంత వెంటనే బదులు వచ్చిన రోజు లేదు. అది తెలిసిన మనిషి పాసై, టీచరై, ఎదురుపడినప్పుడల్లా నమస్కారం పెట్టడం ఆయన ఊహకే కంపరం. ఆ కంపరానికి ఆయన క్రమశిక్షణ అని పేరు పెట్టుకున్నారు.

"ప్రేమమణి హాజిర్ హై?" బంట్రోతు కేక వేశాడు.

వెనుక నుంచి రోసమ్మ లేచింది. "పిల్ల కాలేజీల ఉంది దొరా. సెలవియ్యలే. గా సార్‌నే అడుగుండ్రి, గక్కడనే కూసున్నడు."

జడ్జిగారు ఆమె మీద జాలిపడి ఉపన్యసించారు. "న్యాయస్థానం తలుపులు అందరికీ తెరిచే ఉంటాయి. రానివారికి కూడా తెరిచే ఉంటాయి. అంతకంటే ఏం చేయగలం?"

బంట్రోతు రెండోసారి పిలిచాడు. రోసమ్మ ఆర్థర్‌గారి వైపు తిరిగింది.

"గుడిల నువ్ పిలుస్తుంటే ఎన్నిమార్లు పలికింది సార్ నా బిడ్డ! గిప్పుడు జెర నువ్ సుత పలుకు."

ఆర్థర్‌గారు తన బూట్లను పరిశీలించారు. చర్చిలో ఆ గొంతు విన్నవాళ్లు కోర్టు హాలులో ఇంకా చాలామంది ఉన్నారు. వాళ్లంతా హాజరే. ఒక్కరూ పలకలేదు.

మూడో కేక అయింది. వాది గైర్హాజరు, దావా కొట్టివేయడమైనది. రోసమ్మ కొంగు దులుపుకుని మార్కెట్టుకు వెళ్లిపోయింది.

వరండాలో ఆర్థర్‌గారు అర్జీ తీసి మొదటిసారి పూర్తిగా చదివారు. దస్తూరీ చక్కగా ఉంది. గడువులోగానే ఇచ్చింది. కారణం సహేతుకం. ఆయన కాగితాన్ని గోడకు ఆనించి, కలం మూత తీసి, అడుగున "మంజూరు" అని రాసి సంతకం చేశారు.