ఎయినార్ ఎడమచెయ్యి మాయం

ఆ పొద్దున మబ్బులు కురుద్దామని వచ్చి, ఎందుకో మనసు మార్చుకుని, అయోవా మొక్కజొన్న చేల మీదుగా తూర్పుకు జారుకుంటున్నాయి. వాటివంక వేలు చూపిస్తూ డెల్మర్ వాంక్ ప్రకటించాడు.

"చూశావా ఆర్డెల్! నేను రంగంలోకి దిగానని నేరగాళ్ళకే కాదు, వానక్కూడా తెలిసిపోయింది!"

ఆర్డెల్ నిట్టూర్చాడు. చర్చి కింది హాల్లో ఊరి బేస్‌బాల్ జట్టు పాత ఫిల్ములనూ రేడియో రికార్డులనూ కాపాడేది అతనే. విత్తనాల కొట్టు మూసేశాక డిటెక్టివ్‌నని చెప్పుకు తిరుగుతున్న డెల్మర్‌ను ఎవరూ పిలవలేదు. వాడే వాసన పట్టి వచ్చాడు.

పోయింది ఒక్క ఫిల్ము డబ్బా. అందులో లవోన్ పిన్ని వాళ్ళన్న ఎయినార్ ఎడమచేత్తో బంతి విసురుతుంటాడు. యుద్ధానికి వెళ్ళి తిరిగిరాని మనిషి. అతని కదిలే బొమ్మ లోకంలో అదొక్కటే. ఫిల్మేమో కుళ్ళిపోతోంది. నకలు తీసేవాళ్ళ బండి మధ్యాహ్నం వస్తుంది. ఈసారి తప్పితే ఇక మిగలదు.

"రికార్డులో జనం అన్న పేరు అరవడం రోజూ వింటూనే ఉన్నాను. ఆ చెయ్యి ఎలా తిరిగేదో మర్చిపోయాన్రా ఆర్డెల్," అంది పిన్ని.

"కన్నీళ్ళు తర్వాత పిన్నీ! ముందు ఆధారాలు!" డెల్మర్ భూతద్దం పట్టుకుని బల్లను నాకినంత పని చేశాడు. "ఆహా! వెనిగర్ వాసన! ఈ ఊళ్ళో వెనిగర్‌లో చేపలు ఊరవేసేదెవరు? ఆర్లిస్!"

"పాడవుతున్న ఫిల్ముకు ఆ వాసనే వస్తుందిరా మొద్దూ," అన్నాడు ఆర్డెల్.

"నేరస్థుల స్నేహితులంతా ఇలాగే అంటారు."

పక్కనే వంటింట్లో ఆర్లిస్ బంగాళదుంపలు తరుగుతోంది.

"ఆదివారం విందయ్యాక ఎక్కడున్నావు?" అని గర్జించాడు డెల్మర్.

"ఇక్కడే. నీ ఎంగిలి కంచం కడుగుతున్నా."

"అంటే ఒప్పుకుంటున్నావన్నమాట!"

"నీకు బుర్ర లేదని ఎప్పుడో ఒప్పుకున్నా. పక్కకు జరుగు."

అపరాధ పరిశోధనతో డెల్మర్‌కు ఆకలేసింది. ఫ్రీజర్ తలుపు తీశాడు.

"మొన్న బల్ల మీద నీ చేపల డబ్బా వదిలేస్తే నేనే ఇందులో దాచాను. ఘాటును బట్టే పోల్చుకున్నా. నా ముక్కంటే ఏమనుకున్నావు?"

మూత లాగాడు. లోపల చేపలు లేవు. చుట్ట చుట్టుకుని ఎయినార్ ఉన్నాడు.

"దొంగ తిండిపోతు," అన్నాడు డెల్మర్. "నేను ముందే ఊహించాను."

"అద్దంలో చూసుకునా?" అంది ఆర్లిస్.

బండిలో వచ్చిన అమ్మాయి డబ్బా చలి విడిచేదాకా ఆగి, ఫిల్మును పరీక్షించింది. "చల్లటిచోట పెట్టి మంచిపని చేశారు. బయటుంటే ఈపాటికి పొరలు ఒకదానికొకటి అంటుకుపోయేవి. ఎవరి ఆలోచన?"

డెల్మర్ ఛాతీ విరుచుకున్నాడు. కళ్ళు మూసుకుని కర్ర ఊపినా ఒక్కోసారి బంతి తగిలి చస్తుందని ఆర్డెల్‌కు తెలుసు.

ఆ అమ్మాయి ఫిల్ము చివరను కిటికీ వెలుగుకు పట్టి, తన భూతద్దం పిన్నికిచ్చింది. పిన్ని ఒక్కొక్క బొమ్మే చూసుకుంటూ పోయింది.

తర్వాత అందరూ భోజనానికి కూర్చున్నారు. డెల్మర్ ఏదో చెప్పబోతే ఆర్లిస్ వాడి కంచంలో ఇంకో గరిటెడు దుంపలు కుమ్మరించింది. పిన్ని ఫోర్కును ఎడమచేతిలోకి మార్చుకుంది. అలవాటు లేక రెండుసార్లు ఒలికింది. మూడోసారీ ఆ చేత్తోనే ఎత్తింది.