పసుపు టేపు లోపలి మనిషి

ఆ పూట హాలు కాపలాదారు వేసుకున్న పథకం చాలా తేలిక. తొమ్మిదింటికల్లా హాలు తుడవాలి, పదింటికి ముఖ్య అతిథి రాగానే ఉద్యోగం పొడిగింపు కాగితం మీద సంతకం పెట్టించుకోవాలి. హాలు ఆయనదే. తివాచీ మీద ఇంకోసారి మరక కనబడితే మనిషిని మార్చేస్తానని పోయినసారే చెప్పి వెళ్ళాడు.

సభేమో, మూతపడిన అణుకేంద్రాల నేలను శుభ్రం చేసే నిపుణులది. తొమ్మిదిన్నరకు, టీ పోయడానికొచ్చిన బావమరిది వైరు తట్టుకుని ఫ్లాస్కు ఫ్లాస్కంతా తివాచీ మీద బోర్లించాడు.

"బావా, కొంచెమే ఒలికిందిలే!"

"చెరువు చేసి కొంచెమంటావేంట్రా!" అంటూ కాపలాదారు గుడ్డ పట్టుకుని ఉరికాడు.

"ఆగు! ముట్టుకోకు!" సభ నడిపే పెద్ద ఇంజనీరు అడ్డం పడ్డాడు. మరకను చూడగానే ఆయన మొహం వెలిగిపోయింది. "ఇదే విషం అనుకుందాం. కొత్తవాళ్ళకి మన పద్ధతి చూపిద్దాం. పది నిమిషాల పని."

పద్ధతి ఏమిటంటే, మరకను తాకిందల్లా వ్యర్థమే. తుడిచిన గుడ్డ వ్యర్థం, సంచిలో కట్టారు. సంచి పట్టుకున్న చేతి తొడుగులు వ్యర్థం, ఇంకో సంచి. సంచులు పెట్టిన బల్ల, బల్లకు ఆనిన కుర్చీలు, కుర్చీల మీది కోట్లు... పదింటికి ముప్ఫై ఒక్క సంచులు తేలాయి. మరక సగం అలాగే ఉంది. చుట్టూ పసుపు టేపు కట్టారు. చదువుకున్నవాళ్ళు శుభ్రం చేస్తే చెత్త పెరుగుతుందని కాపలాదారుకు అప్పుడే తెలిసింది.

బయట కారు ఆగింది. ఇక ఉండబట్టలేక అతను టేపు కిందుగా దూరి, భుజం మీది తువ్వాలుతో మరకను బరబరా తుడిచేశాడు. నిమిషం పట్టలేదు.

"ఎంత పని చేశావయ్యా! ఇప్పుడు నువ్వూ వ్యర్థమే. కదలకుండా అక్కడే కూర్చో!" అని పెద్ద ఇంజనీరు కేకేశాడు.

"ఆ ముక్క మా ఆవిడ ఇరవై ఏళ్ళ నుంచీ అంటూనే ఉందండీ," అని అతను అక్కడే చతికిలబడ్డాడు.

ఆ హడావిడిలో గుమ్మానికి రిబ్బను కట్టడం అందరూ మరిచిపోయారు. లోపలికొచ్చిన ముఖ్య అతిథి, కట్టింది ఇదే కాబోలనుకుని, పళ్ళెంలోని కత్తెర తీసి పసుపు టేపును కత్తిరించేశాడు. అలవాటు కొద్దీ అందరూ చప్పట్లు కొట్టారు. ఆయన నేరుగా లోపలికి నడిచి, కాపలాదారు చెయ్యి పట్టుకుని లేపాడు.

"సన్మానం మనవాడికా? ఏం చేశాడేంటి?"

చప్పట్లు టక్కున ఆగిపోయాయి. పద్ధతి ప్రకారం ఇప్పుడు ఆయన కూడా వ్యర్థమే. ఆ మాట ఆయన మొహం మీద ఎవరు చెప్తారు?

పెద్ద ఇంజనీరే ముందుకొచ్చాడు. "స్థలం... పూర్తిగా శుభ్రమైపోయింది సార్. చేసింది ఇతనే."

ముఖ్య అతిథి తివాచీని వంగి మరీ చూశాడు. కాపలాదారు ఆలస్యం చేయకుండా జేబులోంచి కాగితం తీశాడు. సంతకం పడింది.

సభ నివేదికలో మాత్రం, తువ్వాలు ఊసెత్తకుండా, శుభ్రం చేయడానికి వాడిన పరికరం కత్తెర అని రాసుకున్నారు.