తనను తానే మూసుకున్న వంతెన

కారణం అనేది లేకుండానే కార్యం జరుగుతుందని లోకంలో అందరికంటే ముందు నిరూపించిన ఘనత ఈ పురపాలక కార్యాలయానికే దక్కింది. ఆ ఘనత బయటపడింది మాత్రం రికార్డు గది గుమాస్తా చేతుల మీదుగా. పదహారేళ్ళుగా పాత ఫైళ్ళ మధ్యే బతుకుతున్నందుకు ఆమెను ఆఫీసులో అందరూ ‘దుమ్మక్క’ అంటారు. కింద ఆమె తుమ్మిందంటే ఏదో ఫైలు దొరికినట్టేనని పై అంతస్తు వాళ్ళు గ్రహిస్తారు.

దుమ్మక్క తండ్రి ఒకప్పుడు దర్జీ. ఇప్పుడాయన మూత్రపిండాలు పని మానుకున్నాయి. వారానికి మూడుసార్లు డయాలిసిస్ చేయించాలి. ఆస్పత్రి దూరమేమీ కాదు. కాలవ అవతలి గట్టున, సరిగ్గా వాళ్ళింటికి ఎదురుగా ఉంది. మధ్యలో నడక వంతెన కూడా ఉంది. కాకపోతే దానికి రెండు వైపులా రేకులు బిగించి, ‘ప్రమాదం’ అని రాసి తొమ్మిదేళ్ళయింది. అందుచేత తండ్రీకూతుళ్ళు రెండు బస్సులు మారి, ఊరంతా చుట్టి, గంటన్నరకి అక్కడ తేలుతారు.

“మన గుమ్మంలో కూర్చుంటే ఆ నర్సమ్మ టీలో ఎన్ని చెంచాల పంచదార వేసుకుంటుందో లెక్కపెట్టొచ్చే అమ్మాయ్,” అనేవాడు ఆయన. “అక్కడికి వెళ్ళాలంటే మాత్రం ఊరేగాలి.”

ఒకరోజు బస్సు దారిలో ఆగిపోయింది. వీళ్ళు చేరేసరికి మంచం మరొకరికిచ్చేశారు. మర్నాటికి తండ్రి కాళ్ళు పొంగి, ఊపిరి అందక, గోడకి ఆనుకుని కూర్చున్నాడు. ఆ ఉదయమే దుమ్మక్క ఆఫీసుకు వెళ్ళి, అసలు ఈ వంతెన ఎందుకు మూశారో చూద్దామని ఫైలు తీసింది.

ఫైలు చక్కగా ఉంది. మూసివేత ఉత్తర్వు ఉంది. ‘నిపుణుల నివేదిక ఆధారంగా’ మూస్తున్నామని అందులో ఉంది. నిపుణుల నివేదికా ఉంది. ‘ఉత్తర్వు ప్రకారం మూసివేయబడినందున వంతెన ప్రమాదకరమైనదని నిర్ధారించడమైనది’ అని అందులో ఉంది. రెండిటి మీదా ఒకటే తేదీ. నిపుణులెవరూ వంతెన దగ్గరికి వెళ్ళిన దాఖలా లేదు.

ఆమె ఫైలు పట్టుకుని సూపరింటెండెంటు దగ్గరికి పరుగెత్తింది. ఆయన కళ్ళజోడు సర్దుకుని రెండు కాగితాలూ శ్రద్ధగా చదివాడు.

“ఇందులో లోటేముందమ్మా? దానికి ఇది ఆధారం, దీనికి అది ఆధారం. ఆధారం లేని కాగితం ఒక్కటుంటే చూపించు.”

“ముందు ఏది పుట్టిందండీ?”

“అది మన సెక్షన్ పని కాదు,” అన్నాడాయన.

ఆ సంగతి టీ కొట్టు మీదుగా కాలేజీ భౌతికశాస్త్రం మేష్టారి చెవిన పడింది. ఆయన ఇరవై ఏళ్ళపాటు ‘స్వయంపూర్ణ కాలచక్ర సిద్ధాంతం’ అనే ఉద్గ్రంథం రాసి, చదివేవాళ్ళు లేక ఇంట్లో బీరువా కాళ్ళకింద ఎత్తు పెట్టుకున్నారు. కాలం కొన్నిచోట్ల గుండ్రంగా చుట్టుకుంటుందనీ, ఆ చుట్టులో ఫలితమే వెనక్కి నడిచివచ్చి తన కారణాన్ని తానే కంటుందనీ, అలాంటి చుట్టుకు మొదలూ తుదీ ఉండవనీ దాని సారాంశం. లోపమల్లా ఒక్క ఉదాహరణ దొరకకపోవడమే. ఇప్పుడు ఫైలు చూడగానే ఆయన కళ్ళనీళ్ళు పెట్టుకున్నారు.

మేష్టారికి పౌరసన్మానం జరిగింది. చైర్మన్‌గారు ఉప్పొంగిపోయి ఉపన్యసించారు.

“సోదర సోదరీమణులారా! మిగతా ఊళ్ళలో ఏం జరిగినా ఎవరో ఒకరు బాధ్యులుంటారు. ఎంత వెనకబాటుతనం! మన ఊళ్ళో మాత్రం పనులు వాటంతటవే జరుగుతాయి. మా పాలనలో నిందితుడు లేడు, నిర్లక్ష్యం లేదు. ఉన్నదల్లా సైన్సు!”

చప్పట్లు చాలాసేపు మోగాయి. సైన్సు అన్నాక ఆఫీసులు ఊరుకుంటాయా? నెల తిరక్కుండా ప్రతి విభాగమూ తన వంతు కాలచక్రాన్ని కనిపెట్టింది. సస్పెండైనందువల్ల ఆఫీసుకు రాలేకపోతున్న ఒక ప్యూను, ఆఫీసుకు రానందువల్లే సస్పెండయ్యాడని తేలింది. ఆయనకు శాలువా కప్పి సస్పెన్షన్ పొడిగించారు. నీళ్ళ విభాగం వారు, ఫిర్యాదులు రాని వీధికి నీళ్ళు అక్కర్లేదనీ, నీటి కనెక్షను లేనివారి ఫిర్యాదు చెల్లదనీ ప్రకటించి రెండో బహుమతి కొట్టేశారు.

దుమ్మక్క వీటికి దేనికీ వెళ్ళలేదు. ఒక ఇంజినీరును పంపి వంతెనను పరీక్ష చేయించమని అర్జీ పెట్టుకుంది. దానికి మేష్టారే స్వయంగా రికార్డు గదికి వచ్చి, దుమ్ముకి దగ్గుతూ జవాబు చెప్పారు.

“పొరపాటున కూడా అడక్కు తల్లీ. వంతెన గట్టిగా ఉందని తేలితే నివేదిక అబద్ధమవుతుంది. దాంతో ఉత్తర్వు పుట్టదు. ఉత్తర్వు పుట్టకపోతే చుట్టు తెగుతుంది. కాలం ఏమైపోతుందో నేను చెప్పలేను.”

“మా నాన్న ఏమైపోతాడో నేను చెప్పగలను మేష్టారూ,” అంది దుమ్మక్క. “ఒక్కసారి ఆయన కాళ్ళు చూద్దురు గాని, రండి.”

మేష్టారు పాపం చాలా బాధపడ్డారు. తమ గ్రంథం కొత్త ముద్రణలో ఆమె తండ్రి కాళ్ళ గురించి ఒక పాదసూచిక వేస్తానని మాటిచ్చారు.

ఆ వచ్చిన సెలవురోజు పొద్దున్నే దుమ్మక్క ఒక పట్టకారు కొంగున దాచుకుని, తండ్రిని నడిపించుకుంటూ వంతెన దగ్గరికి వెళ్ళింది. ఇవతలి రేకు ఊడదీసింది. భయంగానే ఉంది. ముందు తను నాలుగడుగులు వేసి, గట్టిగా గెంతి చూసింది. వంతెన కిక్కురుమనలేదు.

“రా నాన్నా.”

“కాలం కూలుతుందన్నారు కదే?”

“కూలితే కూలనీ. మనం ఆస్పత్రి గట్టునే ఉంటాంగా.”

ఆయన నవ్వుతూ, ఆయాసపడుతూ, వంతెన కమ్మీలు పట్టుకుని నడిచాడు. అవతలి రేకు కూడా ఊడదీసి ఆస్పత్రి చేరడానికి వాళ్ళకు పట్టింది ఆరు నిమిషాలు. రెండు గట్ల మీదా జనం నిలబడి నోళ్ళు తెరుచుకుని చూశారు. ఎవరో ఈల కూడా వేశారు. దుమ్మక్కకి ఆ నాలుగు గంటలూ ఆస్పత్రి బల్ల మీద కూర్చున్నా గాల్లో ఉన్నట్టే ఉంది.

డయాలిసిస్ ముగిసి, నీరసంగా ఉన్న తండ్రిని పొదివి పట్టుకుని బయటికొస్తే, వంతెనకు మళ్ళీ రేకు బిగించి ఉంది. మునుపు రెండు మేకులుండేవి. ఇప్పుడు రేకు చుట్టూ ఇనపతీగ బిగించి ముళ్ళు వేశారు. ఆఫీసుకు సెలవు. ఒక్క ఉద్యోగి కూడా అటువైపు రాలేదు. అక్కడున్నది జనమే.

“ప్రమాదం కదండీ,” అన్నాడు పళ్ళబండి ఆయన, మర్యాదగా.

“ప్రమాదమని ఎవరు చెప్పారు?”

“చెప్పేదేముంది? తొమ్మిదేళ్ళుగా ఒక్కరైనా నడిచారా?”

“పొద్దున మేం నడిచాంగా! మీరే చూశారుగా!”

“మీరు నడిచారండీ. అందరూ నడవలేదు కదా. అందరూ నడిస్తే మేమూ నడిచేవాళ్ళం.”

“మరి ఈ తీగ కట్టిందెవరు?” అని గట్టిగా అడిగింది దుమ్మక్క.

పళ్ళబండి ఆయన పక్కనున్న మందుల కొట్టాయన వైపు చూశాడు. మందుల కొట్టాయన చెప్పులు కుట్టే ముసలాయన వైపు చూశాడు. ముసలాయన టీచరమ్మ వైపూ, టీచరమ్మ తన మరిది వైపూ చూశారు. అలా చూపు చేతులు మారుతూ గుంపంతా తిరిగి, ఎక్కడా ఆగకుండా, మళ్ళీ పళ్ళబండి ఆయన దగ్గరికే వచ్చింది. ఆయన నిజంగానే ఆశ్చర్యపోయి, మళ్ళీ మందుల కొట్టాయన వైపు చూశాడు.

మనసున్న జనం వాళ్ళు. తండ్రి నిలబడలేకపోవడం చూసి ఒకరు కుర్చీ తెచ్చారు. ఒకరు మంచినీళ్ళిచ్చారు. ముసలాయన తన గొడుగు పట్టాడు. నలుగురు నాలుగువైపులా పరుగెత్తి, ఊరు చుట్టి వెళ్ళడానికి ఆటో పిలుచుకొచ్చి, జాగ్రత్తగా ఎక్కించారు. తీగ విప్పుదామన్న ఆలోచన మాత్రం, ముందు పక్కవాడికి రావాలని, ఎవరికీ రాలేదు.