నలభై నిమిషాల మావోరీలం

ఒక జాతిని పూర్తిగా అర్థం చేసుకోవడానికి నలభై నిమిషాలు చాలు. అంతకంటే ఎక్కువ కావాలనేవాళ్లు మందబుద్ధులైనా అయ్యుండాలి, మా ఊరి పెద్దలైనా అయ్యుండాలి.

ఈ మాట గాలికి అనడం లేదు. పదకొండేళ్లుగా ఇక్కడ రొటొరూవాలో ఓడ ప్రయాణికులకి మావాళ్లని చూపించే గైడుని నేను. పొద్దున్నే టౌరంగా రేవులో ఓడ ఆగుతుంది. మూడు వేలమంది దిగుతారు. అందులో జ్ఞానపిపాస ఉన్నవాళ్లు "ఒక్క రోజులో భూగర్భ వింతలు, మావోరీ సంస్కృతి" అనే టికెట్టు పట్టుకుని బస్సెక్కుతారు. సాయంత్రం ఐదింటికల్లా ఓడలో ఉండాలి. ఈలోపల ఉడికే బురద, ఎగజిమ్మే వేడినీటి బుగ్గ, గొర్రెల బొచ్చు కత్తిరింపు, భోజనం, షాపింగు, మేమూ. మాకు నలభై నిమిషాలు. గొర్రెలకి యాభై.

గొర్రెలకి పది నిమిషాలు ఎక్కువెందుకని మావాళ్లు కొందరు గొణుగుతుంటారు. గొర్రెకి బొచ్చు తియ్యాలి కదండీ! మా దగ్గర తియ్యడానికి ఏముంది? ఉన్నదంతా ఎప్పుడో తీసేశారు.

పోయిన నెల టూర్ కంపెనీ నుంచి ఉత్తరం వచ్చింది. మా నలభైని ఇరవై అయిదు చేస్తారట. ప్రయాణికులు నింపిన కాగితాల్లో "మావోరీల భాగం బాగుంది, కానీ సాగింది" అని ఎక్కువమంది రాశారట. వచ్చే మంగళవారం ఊరంతా కూర్చుని ఒప్పుకోవాలో వద్దో తేల్చాలి. ఒప్పుకోవాలని నేనంటాను. ఈ వ్యాసం అందుకే.

నా మాటకి కొంచెం బరువుంది. ఊరంతా కూడే మా పెద్దింటి గుమ్మంలో నిలబడి, వచ్చినవాళ్లని గొంతెత్తి పిలిచే ఆడమనిషిని ఇప్పుడు నేనే. లోపలినుంచి ఆ పిలుపు రానిదే ఎంత గొప్పవాడైనా మా గేటు దాటడు. బస్సులకి పదకొండేళ్లుగా నేనే, కానీ మావాళ్లొస్తే నిన్నమొన్నటిదాకా ఆ చోటు మా హుహానా పిన్నిది. ఆ చోట నిలబడే అర్హత నాకుందా అని ఊళ్లో కొందరు అడుగుతున్నారు. అడగనివ్వండి. పదకొండేళ్లలో నా పిలుపు ఒక్క బస్సునైనా ఆలస్యం చేసిందా?

ముందు ఈ విహారం వల్ల కలిగిన లాభాలు చెబుతాను.

మా ఇళ్ల మధ్యనుంచే సందర్శకుల దారి వెళ్తుంది కాబట్టి మాకు ప్రపంచ ఖ్యాతి వచ్చింది. నేను ఆరేసిన లోదుస్తులు ఎన్ని దేశాల ఆల్బముల్లో ఉన్నాయో లెక్కలేదు. వెనకాల బుగ్గలోంచి పొగలొస్తుంటే ఫోటో అందంగా వస్తుందట. ఒకావిడ మా వంటింటి కిటికీలోంచి తల దూర్చి, "ఇది నిజంగా ఇల్లేనా?" అని అడిగింది. లోపల కూర్చుని టీ తాగుతున్న మా అన్న హోహెపా, "కాదండీ, బొమ్మలకొలువు. నన్ను ఐదింటికి పెట్టెలో పెట్టేస్తారు" అన్నాడు. ఆవిడ తల పంకించి రాసుకుంది.

అలాగే క్రమశిక్షణ. వేడినీటి బుగ్గ పదిన్నరకి ఎగజిమ్ముతుందని వాళ్ల కాగితంలో ఉంటుంది. అది పదీ యాభైకి ఎగజిమ్మింది. ఒకాయన కోపంగా ఫిర్యాదు రాశాడు. ఆయన రాసిందీ నిజమే. భూగర్భానికి బాధ్యత లేదు, మావోరీలకి ఉంది. పదీ యాభై అయిదుకి మా యుద్ధనృత్యం హాకా అంటే పదీ యాభై అయిదుకే కళ్లు ఉరుముతాం, నాలుకలు చాపుతాం.

వైద్యం సంగతి కూడా చెప్పాలి. మా పద్ధతిలో, వచ్చిన గుంపు తరఫున మా సవాలు అందుకోవడానికి ఒక నాయకుడుండాలి. బస్సులోవాళ్లకి నాయకుడెక్కడ దొరుకుతాడు? అందుకని ముందు సీట్లో కూర్చున్నవాణ్ణి నాయకుణ్ణి చేస్తాం. ఒకసారి డెన్నిస్ అనే రిటైరైన పళ్ల డాక్టరు నాయకుడయ్యాడు. హోహెపా ఈటె తిప్పుకుంటూ ఎగిరి ఆయన ముందు దూకి, కళ్లు పెద్దవి చేసి, నాలుక గడ్డందాకా చాపి అరిచాడు. వంద తరాల శౌర్యం అది. డెన్నిస్ గారు అడుగు వెనక్కి వెయ్యకుండా ముందుకి వంగి, మెల్లిగా, "బాబూ, నీ కుడివైపు చివరి పన్ను పుచ్చింది, చూపించుకో" అన్నారు.

పదకొండేళ్లలో మా దగ్గరికి వచ్చి, మాలో ఉన్నదాన్ని ఉన్నట్టు చూసింది ఆయనొక్కడే. హోహెపా ఆ పన్ను పీకించుకున్నాడు.

ఇక పిలుపు. నా పిలుపు నలభై సెకన్లు. కంపెనీ తరఫున మా దగ్గరికొచ్చే బ్రెండా దగ్గరుండి గడియారం చూసి ఖాయం చేసింది. దూరం నుంచి వచ్చినవాళ్లారా రండి, రండి, సంతోషం, రండి. అంతే. అది అవుతుండగానే ఎడమ చెయ్యి మర్యాదగా చాపుతాను. మరుగుదొడ్లు అటువైపు. బస్సు దిగినవాళ్లకి ఆ సమయంలో వేరే ఏ సంస్కృతీ బుర్రకెక్కదు, మీరే ఆలోచించండి.

మా పిన్ని పిలుపు ఇలా ఉండేది కాదు. ఆవిడకి సమయపాలన లేదు. వచ్చినవాళ్లెవరో చూసేది. వాళ్ల కొండనీ, వాళ్ల నదినీ, వాళ్ల వెంట వచ్చిన చనిపోయినవాళ్లనీ పేరుపేరునా పిలిచేది. అవతలి గుంపులోంచి ఒక ముసలావిడ జవాబు పాడేది. మళ్లీ పిన్ని, మళ్లీ ఆవిడ. అలా ఇద్దరు ఆడవాళ్లు రెండు గొంతులతో ఆ గుంపుని అంగుళం అంగుళం లోపలికి లాక్కొచ్చేవాళ్లు. ఒకే పిలుపు రెండుసార్లు రాదు. వచ్చినవాళ్లు మారితే పిలుపు మారాలి కదా.

ఓడలు మొదలైన కొత్తలో పిన్ని బస్సువాళ్లనీ అలాగే పిలిచింది. వాళ్లకి జవాబు పాడేవాళ్లెవరూ లేరు. అయినా ఈ దారిన రాలేక చచ్చిపోయిన వాళ్ల అమ్మలనీ నాన్నలనీ కూడా రమ్మని పిలిచింది. ఒక్క ముక్క అర్థం కాని ఒకావిడ గేటు దగ్గరే కూలబడి ఏడ్చింది. ఎంతకీ లేవలేదు. బస్సు గొర్రెల దగ్గరికి పన్నెండు నిమిషాలు ఆలస్యంగా వెళ్లింది. గొర్రెలు చాలా ఇబ్బంది పడ్డాయని కబురొచ్చింది.

బ్రెండా వచ్చి నవ్వుతూ గడియారం చూపించింది. ఆ రోజే పిన్ని బస్సులవరకు గుమ్మం దిగిపోయింది.

"నువ్వు పిలువు పిరీ. గడియారం చూస్తూ చచ్చినవాళ్లని పిలవడం నాకు రాదు."

అలా నేను గైడునయ్యాను. పిన్ని మాత్రం నన్ను వదల్లేదు. సాయంత్రం ఐదయ్యాక గేటు మూసేస్తే, మా స్నానాల గుంటలు మళ్లీ మావే. వేడినీళ్లలో మెడదాకా మునిగి కూర్చుని అసలు పిలుపు నేర్పిస్తానని పట్టుకునేది. నాలుగైదుసార్లు వెళ్లాను. తక్కినప్పుడల్లా కాళ్లు పీకుతుండేవి. ఆఖరిసారి పోయిన జనవరిలో అడిగింది.

"ఆదివారం రావే. మీ ముత్తవ్వ వైపు పేర్లు నీకింకా ఒక్కటీ రావు. రేపు నేను పోతే వాళ్లొస్తారు. ఏమని పిలుస్తావు వాళ్లని?"

"ఆదివారం రెండు ఓడలున్నాయి పిన్నీ. ఏప్రిల్లో సీజనైపోతుంది. అప్పుడు తీరిగ్గా కూర్చుందాం."

"ఏప్రిల్ దాకా నేనుంటానని ఓడవాళ్లు చెప్పారా?"

నేను నవ్వాను. ఆవిడ నవ్వలేదు.

పిన్నికి సమయపాలన లేదని ముందే చెప్పాను కదా. సరిగ్గా సీజను మధ్యలో, ఫిబ్రవరి రెండో వారంలో పోయింది.

మా దగ్గర మనిషి పోతే మూడు రోజులు. పెద్దింట్లో పెట్టె తెరిచి పడుకోబెడతాం. ఒక్క క్షణం కూడా ఒంటరిగా వదలం. ఎక్కడెక్కడినుంచో చుట్టాలు గుంపులు గుంపులుగా వస్తూనే ఉంటారు. ప్రతి గుంపునీ పిలవాలి, ప్రతి గుంపుతోనూ ఏడవాలి. ఆ మూడు రోజులూ సందర్శకులకి గేటు మూత. ఇంత సమయం వృథా చేసే జాతి ఇంకోటి ఉంటుందా?

బ్రెండా ఫోను చేసింది. మనిషి మంచిదే.

"చాలా బాధగా ఉంది పిరిహీరా. ఆవిడ మాక్కూడా ఇంటిమనిషే. ఏమనుకోకు, గురువారం రెండు బస్సులున్నాయి. మూడు రోజులూ ఉండి తీరాలా? పోనీ మావాళ్లు వెనకాల నిలబడి చూస్తారు. ఫోటోలు తియ్యరు. నేను మాటిస్తున్నాను."

హోహెపా నా చేతిలోంచి ఫోను లాక్కున్నాడు. "బ్రెండమ్మా, మా పిన్నిని గొర్రెలకి ముందు పెడతావా, తర్వాత పెడతావా? చెప్పు, దాన్నిబట్టి పెట్టె సర్దుతాం."

మా అన్నకి మర్యాద తెలియదు. నన్నడిగితే బ్రెండా తప్పేం మాట్లాడింది? పదకొండేళ్లు మా ఊరిచేత బతుకంతా చూపించి, చావు దగ్గరికొచ్చేసరికి తెర వేసెయ్యడం ఏం న్యాయం? అయినా ఊరు ఒప్పుకోలేదు. ఆ గురువారం బస్సులు నేరుగా గొర్రెల దగ్గరికి వెళ్లాయి.

అదే గురువారం మధ్యాహ్నం మా గేటు ముందు వేరే బస్సు ఆగింది. తూర్పు తీరం నుంచి, ఐదు గంటలు ప్రయాణం చేసి, మా ముత్తవ్వ వైపువాళ్లు వచ్చారు. నలభైమంది నల్లబట్టల్లో, తలల మీద ఆకుల దండలతో, గేటు బయట తలలొంచుకుని నిలబడ్డారు. అందరికంటే ముందు తురూహిరా అవ్వ. ఎనభై ఆరేళ్ల మనిషి, పిన్నికి వరసకి అక్క.

పెద్దింటి గుమ్మంలో నేను నిలబడ్డాను. నా వెనకాల పెట్టెలో పిన్ని. ఊరు ఊరంతా చూస్తోంది.

గొంతెత్తాను. గొంతు బ్రహ్మాండంగా పలికింది. దూరం నుంచి వచ్చినవాళ్లారా రండి, రండి అన్నాను. సంతోషం అనే మాట దగ్గర నాలుక మడతపడింది, దుఃఖం అని మార్చాను. రండి అన్నాను. నోరు దానంతటదే మూసుకుంది. ఎడమ చెయ్యి దానంతటదే లేచి మరుగుదొడ్ల వైపు చూపించింది.

నలభై సెకన్లు. గడియారం పెట్టుకున్నా అంత కచ్చితంగా రాదు.

ఎవరూ నవ్వలేదు. గేటు బయట ఒక్కరు కూడా అడుగు కదపలేదు. ఎలా కదుపుతారు? వాళ్ల కొండని పిలవలేదు, వాళ్ల చనిపోయినవాళ్లని పిలవలేదు. వాళ్లు ఎవరికోసం వచ్చారో ఆ మనిషి పేరు కూడా నేను ఎత్తలేదు. పేర్ల కోసం లోపలంతా వెతుక్కున్నాను. ఒక్కటి కూడా లేదు. సిగ్గుతో చచ్చిపోయాను.

అప్పుడు తురూహిరా అవ్వ పాడింది. ముందు తన జవాబు పాడింది. పాడి ఆగింది, నాకు వీలివ్వడానికి. నేను నోరు తెరవలేదు. అప్పుడావిడ నా వంతు కూడా అందుకుంది. లోపలినుంచి నేను పిలవాల్సిన పిలుపు గేటు బయటినుంచి తనే పిలిచింది. మా ముత్తవ్వ పేరు, ఆవిడ అక్కచెల్లెళ్ల పేర్లు, హుహానా పేరు. మళ్లీ దానికి జవాబు తనే పాడింది. ఆ ముసలి గొంతు మధ్యమధ్యలో విరిగిపోతుంటే, రెండు వైపుల బరువూ ఒక్కతే మోసుకుంటూ, తనవాళ్లని తనే మా గుమ్మందాకా నడిపించుకొచ్చింది.

మా పలకరింపు ప్రకారం వరసగా అందరం ముక్కూ ముక్కూ ఆనించుకున్నాం. నా దగ్గరికొచ్చినప్పుడు అవ్వ నా తల రెండు చేతులతో పట్టుకుని చాలాసేపు వదల్లేదు.

"గొంతు బాగుందమ్మా. అచ్చం హుహానా గొంతే. తక్కినదేదీ?"

"నేర్చుకోలేదు అవ్వా."

ఆవిడ తన రుమాలుతో నా ముక్కు తుడిచి, పిన్ని దగ్గరికి వెళ్లి కూర్చుంది.

అయ్యా, అమ్మా, మంగళవారం సమావేశంలో నా చెయ్యి కంపెనీ వైపే లేస్తుంది. నలభై నిమిషాలు మనకి నిజంగానే ఎక్కువ. ఓడ దిగినవాళ్లు మన గురించి ఏమీ తెలుసుకోకుండా పోతున్నారని ఇన్నేళ్లూ నోరారా తిట్టుకున్నాను. వాళ్లకి నేనిచ్చినదంతా కలిపి నలభై సెకన్లని, నా దగ్గర మిగిలిందీ అంతేనని, ఊరందరి ముందూ తేలింది కదా.

బుధవారం నేను తూర్పు తీరానికి వెళ్తున్నాను. తురూహిరా అవ్వ గేటు బయట నిలబడి, పిలిచేదాకా ఆగుతాను. ఎన్నాళ్లు పడుతుందో నాకు తెలియదు, అవ్వకి కూడా తెలియదు.

సీజను పాడవుతుందని కంపెనీవాళ్లు కంగారు పడక్కర్లేదు. నా పిలుపు బ్రెండా ఫోనులో రికార్డయి ఉంది. గుమ్మంలో ఒక స్పీకరు పెట్టి, బస్సు రాగానే అది వెయ్యమన్నాను. తేడా ఒక్క ప్రయాణికుడికి కూడా తెలియదు. పదకొండేళ్లు నాకే తెలియలేదు.